భిన్నాలతో రేటు లెక్కలు: దేన్ని దేంతో భాగించాలో మా పాపకు అంతుపట్టడం లేదు

ఖమ్మం అమ్మ

అందరికీ నమస్తే. మా పాప ఆరో తరగతి, ఇంగ్లిష్ మీడియం. భిన్నాల కూడికలు, తీసివేతలు, గుణకారం, భాగహారం అన్నీ చేస్తుంది. 2/3 ÷ 1/4 అని ఇస్తే రెండోదాన్ని తిరగేసి గుణించి 8/3 అని నేను పెన్ను తీసేలోపే వేసేస్తుంది. అదే లెక్క మాటల్లో ఇచ్చారంటే చాలు, మొహం తేలేస్తుంది.

నిన్నటి హోంవర్కులో లెక్క ఇది: ఒక పెయింటర్ 2/3 గంటలో గోడలో 1/4 వంతుకు రంగు వేశాడు, అదే వేగంతో వేస్తే మొత్తం గోడకు ఎంతసేపు పడుతుంది? మా పాప 1/4 ÷ 2/3 వేసి, 3/8 తెచ్చి, పక్కన "గంట" అని రాసి పుస్తకం మూసేసింది. పావు గోడకే నలభై నిమిషాలు పట్టినవాడు మొత్తం గోడ గంటలో సగం కూడా పట్టకుండా ఎలా పూర్తి చేస్తాడే అని అడిగితే "రూల్ ప్రకారమే తిరగేశాను కదమ్మా, ఆన్సర్ కరెక్టే" అంటుంది. అడగ్గా అడగ్గా తేలిందేమిటంటే తనకి తను ఒక రూల్ పెట్టుకుంది, రెండు భిన్నాల్లో చిన్నది పైన, పెద్దది కింద! కొన్ని లెక్కల్లో అది అదృష్టం కొద్దీ సరిపోతోంది కూడా, అందుకే ఇన్నాళ్లూ బయటపడలేదు.

నేను నిమిషాల్లోకి మార్చి చెప్పాను. పావుకి 40 నిమిషాలు, నాలుగు పావులకి 160 నిమిషాలు, అంటే 2 గంటల 40 నిమిషాలు. అది వెంటనే అర్థమైంది. కానీ క్లాసులో భిన్నాల్లోనే చేయాలట. పైగా "మరి భిన్నాల్లో అయితే దేన్ని దేంతో భాగించాలి, అసలు ఎందుకు తిరగేయాలి?" అని అడిగితే నా దగ్గర సమాధానం లేదు. నేను బీకామ్ చదివాను, నాకూ తిరగేయడమే తెలుసు, ఎందుకో తెలీదు. మా వారేమో బట్టీ పట్టించెయ్, పెద్దయ్యాక అదే తెలుస్తుంది అంటున్నారు. వయసు నలభై దాటింది, నాకింకా తెలియలేదు. ఎవరైనా పిల్లలకు చెప్పగలిగేలా చెప్పండి ప్లీజ్.

---

చింతచెట్టు నీడ

మేడమ్, నేను టీచర్ని కాదు, ఎరువుల షాపు లెక్కలు చూసుకుంటాను. మా అబ్బాయికి ఇదే తంటా వస్తే నేను చెప్పిన చిట్కా ఒకటుంది, పనికొస్తుందేమో చూడండి.

మన భాషలో రేటు ఎప్పుడూ "కి"తోనో "కు"తోనో వస్తుంది. కిలోకి ఎంత, గంటకు ఎన్ని కిలోమీటర్లు, ఎకరానికి ఎన్ని బస్తాలు, లీటరుకి మైలేజ్ ఎంత. ఏ మాటకైతే ఆ "కు" తగులుతుందో దాని అంకె కిందకి వెళ్తుంది, అంతే. గోడకు ఎంతసేపు అని అడిగారు కాబట్టి గోడ అంకె 1/4 కింద, గంటల అంకె 2/3 పైన. 2/3 ÷ 1/4 = 8/3 గంటలు. అదే లెక్కలో గంటకు ఎంత గోడ అని అడిగి ఉంటే 1/4 ÷ 2/3 = 3/8 గోడ. అంటే మీ పాప వేసిన 3/8 తప్పు అంకె కాదు, అడగని ప్రశ్నకు సరైన జవాబు! ఆ మాట పాపకు చెప్పండి, సంతోషిస్తుంది.

ఇంగ్లిష్ మీడియం పిల్లలకి ఈ "పర్" అనే మాట చెవికి ఎక్కదు. కిలోమీటర్ పర్ అవర్ అంటే ఏదో మంత్రంలా అనేస్తారు. తెలుగులో గంటకు అనండి, వెంటనే బుర్రకు అందుతుంది.

---

సాయంత్రం ట్యూషన్

పైన అన్నగారు చెప్పింది బాగుంది, నాకు ఇంతవరకు తట్టలేదు కూడా. కానీ ఒక హెచ్చరిక. నేను పదేళ్లుగా ఐదు, ఆరు, ఏడు తరగతుల పిల్లలకు ట్యూషన్ చెబుతున్నాను, ఇలాంటి మాట పట్టుకుని లెక్క చేసే అలవాటు ఎంత ప్రమాదమో రోజూ చూస్తుంటాను. "మొత్తం" కనిపిస్తే కూడేస్తారు, "మిగిలింది" కనిపిస్తే తీసేస్తారు. రేపు "కు" కనిపిస్తే భాగించేస్తారు.

ఈ లెక్క చూడండి. ఒక బండి 3/4 లీటరు పెట్రోలుకు 36 కిలోమీటర్లు వెళ్లింది, 60 కిలోమీటర్లు వెళ్లడానికి ఎంత పెట్రోలు కావాలి? "కు" పెట్రోలు మీద ఉంది కదా అని 36 ÷ 3/4 వేసి 48 అని రాసి ఊరుకుంటారు. అది లీటరుకు మైలేజ్, అడిగింది అది కాదు. 60 ÷ 48, అంటే 5/4 లీటర్లు, ఒకటింబావు లీటరు పోయించుకోవాలి. పైగా "వెళ్లడానికి"లో కూడా ఒక "కి" ఉంది, దాన్నేం చేస్తారు?

అందుకని నేను చెప్పించేది ఇలా. లెక్కలో ఉన్న "కు" వద్దు. లెక్క చదివాక పుస్తకం మూసి, అడిగిన ప్రశ్నని నీ సొంత మాటల్లో "ఒక్క" అనే మాట పెట్టి చెప్పు. ఒక్క గంటకు ఎంత గోడ? ఒక్క గోడకు ఎన్ని గంటలు? ఒక్క లీటరుకు ఎన్ని కిలోమీటర్లు? ఏది ఒకటి కావాలో దాన్ని ఒకటి చేసే పనిలో ఉన్నాం, కాబట్టి దాంతోనే భాగిస్తాం. స్కూల్లో దీన్నే ఏకవస్తు పద్ధతి అని నేర్పుతారు, 5 పెన్నులు 40 రూపాయలైతే ఒక పెన్ను ఎంత అని. 40 ÷ 5 అని ఏ పిల్లాడైనా కళ్లు మూసుకుని చెప్తాడు. అదే 5 ఉన్న చోట 3/4 పెట్టగానే కంగారు పడతారు. కాబట్టి ముందు భిన్నాల స్థానంలో మామూలు అంకెలు పెట్టి చేయించండి. పెయింటర్ 6 గంటల్లో 3 గోడలు వేస్తే గోడకు ఎన్ని గంటలు? 6 ÷ 3. సరే, ఇప్పుడు 6 చెరిపి 2/3, 3 చెరిపి 1/4. ఏది దేంతో అనేది అంకె మారినంత మాత్రాన మారదు కదా. మా ట్యూషన్‌లో సగం మందికి పైగా పిల్లలు దీంతోనే దారిలో పడతారు.

ఇంకో చిన్న మాట, "వంతు" అని వస్తే కాస్త ఆగి చూడమనండి. 3/4 లీటరు పాలలో 2/3 వంతు తాగాడు అంటే అది గుణకారం, అర లీటరు, అక్కడ రేటూ లేదు ఏమీ లేదు. 2/3 పక్కన లీటరో, గంటో, కిలోనో ఉందా, ఉత్త "వంతు" ఉందా? ఈ తేడా చూడకుండా పిల్లలు ఎన్ని మార్కులు పోగొట్టుకుంటారో! మీ పెయింటర్ లెక్కలో 1/4 వంతు అన్నా అక్కడ గోడే యూనిట్ కాబట్టి పర్లేదు, పావు గోడ అనుకోవాలి.

---

లెక్కల మాస్టారు, రిటైర్డ్

అమ్మా, నీ ప్రశ్నలో రెండోది, ఎందుకు తిరగేయాలి అన్నది, దాన్ని పైవాళ్లిద్దరూ వదిలేశారు. దాని సంగతి నేను చూస్తాను. ముప్పై ఏళ్లకు పైగా జిల్లా పరిషత్ బడుల్లో ఇదే చెప్పాను కాబట్టి కాస్త చాదస్తంగా ఉంటే ఓర్చుకో.

మీ పెయింటర్ లెక్క సులువు, 1/4 కాబట్టి నాలుగింతలు చేస్తే అయిపోయింది. ముప్పావు ఇస్తే ఏం చేస్తారు? ట్రాక్టరు ముప్పావు ఎకరం రెండున్నర గంటల్లో దున్నింది, ఎకరానికి ఎంతసేపు? (నేల గట్టిదనుకోండి, ట్రాక్టర్ల వాళ్లు నా మీదికి రాకండి.) ఇంగ్లిష్‌లో "త్రీ బై ఫోర్" అంటాడు పిల్లాడు. మూడు, నాలుగు, మధ్యలో గీత. అందులో వాడికి ఏ వస్తువూ కనిపించదు. తెలుగులో ముప్పావు అంటే ఏమిటి? మూడు పావులు. మాటలోనే లెక్క ఉంది.

మూడు పావులకు రెండున్నర గంటలు. అయితే ఒక్క పావుకు? మూడుతో భాగించు. 5/2 ÷ 3 = 5/6 గంట, అంటే యాభై నిమిషాలు. ఎకరానికి ఎన్ని పావులు? నాలుగు. అయితే నాలుగుతో గుణించు. 5/6 × 4 = 20/6, అంటే 10/3 గంటలు, 3 గంటల 20 నిమిషాలు. ఇప్పుడు ఏం చేశామో వెనక్కి తిరిగి చూడు. 3తో భాగించాం, 4తో గుణించాం. 3తో భాగించి 4తో గుణించడమంటే 4/3తో గుణించడమే. 3/4 తిరగబడింది! ఎవరో చెప్పారని తిప్పలేదు, పావు దగ్గరికి దిగి మళ్లీ ఎకరం దగ్గరికి ఎక్కాం, అంతే. లవం చెప్పేది ఎన్ని ముక్కలున్నాయో, దాంతో భాగిస్తే ఒక ముక్క వస్తుంది. హారం చెప్పేది ఒకటి కావడానికి ఎన్ని ముక్కలు కావాలో, దాంతో గుణిస్తే ఒకటి నిండుతుంది.

నేను బోర్డు మీద ఒక అడ్డ గీత గీసి, గీత పైన ఎకరాలు, కింద గంటలు రాసేవాణ్ణి. పైన 1/4, 2/4, 3/4, 4/4. కింద 3/4కి సరిగ్గా నేరుగా 5/2. మిగతా గళ్లు పిల్లల్నే నింపమనేవాణ్ణి. మొదటి గడి 5/6, రెండోది 10/6, మూడోది 15/6, ఇది 5/2తో సరిపోయిందా లేదా చూసుకుంటారు, నాలుగోది 20/6. వేళ్లతో ఎడమకి జరిగి, మళ్లీ కుడికి జరుగుతారు. తిరగేయడం అనే మాట మొదటి వారం క్లాసులో నేను అననే అనేవాణ్ణి కాదు. నాలుగైదు లెక్కలయ్యాక ఎవడో ఒకడు లేచి "సార్, ఊరికే తిప్పి గుణించేస్తే అయిపోతుంది కదా" అనేవాడు. వాడి భుజం తట్టేవాణ్ణి.

మీ పాపకి చిన్నది పైన పెద్దది కింద అనే రూలు ఎక్కడినుంచి వచ్చిందో నేను చెప్పగలను. చిన్న తరగతుల్లో భిన్నమంటే ఎప్పుడూ ఒక రొట్టెలో ముక్క, ఒకటి కంటే తక్కువే. జవాబు ఒకటి దాటితే తప్పు చేశామని భయం. అందుకే లెక్క చేసే ముందే అడగండి, ముప్పావు ఎకరానికే రెండున్నర గంటలైతే ఎకరానికి అంతకంటే ఎక్కువా తక్కువా? నోటితో "ఎక్కువ" అన్న తర్వాత 3/10 రాయడానికి చెయ్యి రాదు.

పాత కాలపు వాళ్లకి ఇవేం కష్టంగా ఉండేవి కావు. మా నాన్నగారు బడి చదువు పెద్దగా లేని మనిషి. 1957లో దశాంశ నాణేలు వచ్చేదాకా రూపాయికి పదహారు అణాలు, పావలా అంటే నాలుగు అణాలు, బేడ అంటే రెండు. వీశె (అప్పటి తూకం) ధర చెప్తే వీశెడు బెల్లంలో పావుకి ఎంతో సంతలో నిలబడి చెప్పేవారు. తిరగేసే సూత్రం కూడా ఎక్కడో సీమలో పుట్టిందేం కాదు, తొమ్మిదో శతాబ్దపు మహావీరాచార్యుడి గణితంలో ఉంది, ఆ గణితాన్ని పదకొండో శతాబ్దంలో పావులూరి మల్లన తెలుగు పద్యాల్లోకి తెచ్చాడు. సరే, నా సోది ఆపుతాను.

---

డాలస్ నాన్న

మాస్టారూ, దండాలు. ముప్పావులో మూడు పావులున్నాయని నాకు ఈ రోజుదాకా తట్టలేదు, సిగ్గుగా ఉంది.

ఇక్కడ అమెరికాలో కూడా కథ అదే. చాలా రాష్ట్రాలు వాడే కామన్ కోర్ ప్రకారం భిన్నాన్ని భిన్నంతో భాగించడం ఆరో గ్రేడ్‌లో వస్తుంది, ఇలా భిన్నాలతో రేటు కట్టడం ఏడో గ్రేడ్. మా టెక్సస్‌ది వేరే సిలబస్ అయినా బాధ ఒకటే. మా వాడికి ఇచ్చింది, పావు గంటలో అర మైలు నడిస్తే గంటకు ఎన్ని మైళ్లు? నోటితో అడిగితే "నాలుగు పావులు కదా నాన్నా, రెండు మైళ్లు" అన్నాడు. పేపర్ మీద మాత్రం భిన్నం మీద భిన్నం పెట్టి రాయాలి, 1/2 పైన, పొడుగు గీత, కింద 1/4. వాడు మూడు గీతలూ ఒకే పొడవుతో గీస్తాడు, ఏది అసలు గీతో వాడికే తెలీదు, పై నుంచి కిందకి భాగించుకుంటూ పోయి 1/8 తెస్తాడు. నేను చేయించిన పని ఒక్కటే, అసలు గీత రంగు పెన్సిల్‌తో పొడుగ్గా గీసి, అంకెలు రాయకముందే దాని పైన "మైళ్లు", కింద "గంటలు" అని రాయమన్నాను. అంకెలు తర్వాత వచ్చి వాటి ఇళ్లలో కూర్చుంటాయి. యూనిట్లు చివర్లో అతికించే లేబుల్ అనుకుంటారు పిల్లలు, మీ పాప "గంట" అని అతికించినట్టే.

---

హోంవర్క్ బాధితుడు

ఇంత గోల ఎందుకండీ, నిమిషాల్లోకి, గ్రాముల్లోకి, మిల్లీలీటర్లలోకి మార్చేస్తే భిన్నాలే ఉండవు కదా. మేడమ్ గారు చేసింది కరెక్టే, స్కూల్ వాళ్లదే అతి.

---

సాయంత్రం ట్యూషన్

బ్రో, 2/3 గంట కాబట్టి 40 నిమిషాలు చక్కగా వచ్చింది. 3/7 గంట ఇస్తే? 25 పాయింట్ ఏడు ఒకటి అంటూ దశాంశాల్లో పడి కొట్టుకుంటారు. గోడని ఏ గ్రాముల్లోకి మారుస్తావు? జవాబు సరిచూసుకోవడానికి నిమిషాలు వాడుకోమనండి, నేనూ వాడిస్తాను. ఇంకో ప్రమాదం చెప్తాను, 2 గంటల 40 నిమిషాలని 2.40 అని రాసి కాలిక్యులేటర్‌లో కొట్టే ఇంజనీరింగ్ పిల్లల్ని చూశాను నేను. 8/3 అని ఉంచుకుంటే ఆ బెడద లేదు.

---

ఖమ్మం అమ్మ

అందరికీ చాలా థ్యాంక్స్. రెండు రోజులు పట్టింది, అందుకే లేటుగా రాస్తున్నాను.

మొదటి రోజు "ఒక్క" పద్ధతి చెప్పాను, 6 గంటలు 3 గోడలు అని మొదలుపెట్టి అంకెలు మార్చుకుంటూ వచ్చాను. ఐదు లెక్కల్లో నాలుగు సరిగ్గా పెట్టింది. తప్పు పోయింది బండి పెట్రోలు లెక్కే, ట్యూషన్ మేడమ్ చెప్పినట్టే 48 దగ్గర ఆగిపోయింది! రెండో రోజు మాస్టారి గీత గీశాం. ట్రాక్టర్ వద్దు, అల్లం కావాలంది, ఎందుకంటే పొద్దున నాతో రైతుబజారుకు వచ్చింది. పావు కిలో 30 అయితే కిలో 120 అని ఠక్కున చెప్పింది, అదే 30 ÷ 1/4 అని రాసి చూపిస్తే నమ్మలేదు. "భాగిస్తే పెరిగిందేంటమ్మా?" అంది. గీత మీద వేలు పెట్టి నాలుగు అడుగులు జరిపించాక "ఓ, తక్కువకే ఇంత అయితే ఒకటికి ఎక్కువే కదా" అని తనే అంది. నాకూ అప్పుడే అర్థమైంది, నిజం చెప్పాలంటే.

ఒక సందేహం మిగిలింది. పుస్తకంలో తర్వాతి లెక్కలో ఇంకో పెయింటర్ కూడా వస్తాడు, అతను ఒక్కడే వేస్తే 4 గంటలు పడుతుంది, ఇద్దరూ కలిసి వేస్తే ఎంత అని. పాప 8/3, 4 కూడేసి 20/3 అంది. ఇద్దరు కలిస్తే ఇంకా ఆలస్యమవుతుందా అంటే "కబుర్లు చెప్పుకుంటారేమో" అంటోంది.

---

లెక్కల మాస్టారు, రిటైర్డ్

హహ, మీ పాప లోకం బాగా చూసింది.

అమ్మా, గంటల్ని కూడకూడదు. ఒక గంటలో ఇద్దరూ ఎంత గోడ వేస్తారో అది కూడాలి, ఎందుకంటే గంట ఇద్దరికీ ఒకటే, గోడ మాత్రం పంచుకుంటున్నారు. మొదటివాడు గంటకు 3/8 గోడ (మొన్న పాప వేసిన అదే 3/8, చూశావా, ఇక్కడ అక్కరకొచ్చింది). రెండోవాడు 4 గంటల్లో గోడ కాబట్టి గంటకు 1/4, అంటే 2/8. ఇద్దరూ కలిసి గంటకు 5/8 గోడ. ఐదు ముక్కలకు గంట, ఎనిమిది ముక్కలకు 8/5 గంటలు, 1 గంట 36 నిమిషాలు. కబుర్లు చెప్పుకోకపోతే.

పాపకి నా తరఫున ఒక లెక్క. ఖాళీ ట్యాంకులో 5/8 వంతు నిండటానికి 3/4 గంట పట్టింది. నిండా నిండటానికి ఇంకా ఎంతసేపు మోటారు వేసి ఉంచాలి? నువ్వు సాయం చేయకు.

---

ఖమ్మం అమ్మ

చేయలేదు మాస్టారూ. గీత గీసి ఎనిమిది గళ్లు పెట్టింది, 3/4 ÷ 5 చేసి గడికి 3/20 గంట తెచ్చింది, ఎనిమిదితో గుణించి 6/5 గంటలు, 72 నిమిషాలు అని రాసి నాకు చూపించడానికి వచ్చింది. నేనేం మాట్లాడలేదు. దారిలోనే ఆగిపోయి "ఇంకా అన్నారు కదా" అని వెనక్కి వెళ్లి మూడు గళ్లు లెక్కపెట్టుకుని 9/20 గంట, 27 నిమిషాలు అని వేసింది. 72 కొట్టేయలేదు, పక్కన "ఇది మొత్తానికి" అని రాసుకుంది.